పాత కంప్యూటర్లో అరబిక్ అక్షరాలు ఎందుకు విడిపోతాయి?

ఈసారి వచ్చిన ప్రశ్నల్లో నాలుగు ఒకే సంగతి మీద ఉన్నాయి, అందుకే మిగతావి వచ్చే సంచికకు ఉంచి ఈ పేజీలన్నీ వీటికే ఇస్తున్నాను. బెజవాడ నుంచి రెండు, గుంటూరు నుంచి రెండు. పేర్లు వేయొద్దని ఇద్దరు అడిగారు కాబట్టి ఎవరి పేరూ వేయడం లేదు.

ప్రశ్న: సార్, విజయవాడ పంజా సెంటర్ దగ్గర మాది చిన్న డీటీపీ షాపు. పెళ్ళి కార్డులు, కరపత్రాలు, బిల్లు పుస్తకాలు చేస్తాం. పేజీలు కూర్చే పేజ్‌మేకర్, తెలుగు అను ఫాంట్లు బాగా నడుస్తున్నాయని విండోస్ ఎక్స్‌పీ, ఆఫీస్ 2003 ఉన్న పాత సిస్టమ్‌నే ఉంచుకున్నాను. నిఖా కార్డుల మీద పైన బిస్మిల్లా, కింద ఒక దువా అరబిక్‌లో కావాలని అడుగుతారు. ఫోన్‌కి వచ్చిన అరబిక్‌ని తెచ్చి వర్డ్‌లో పెడితే ఒక్కోసారి డబ్బాలు, ఒక్కోసారి ప్రశ్న గుర్తులు, ఒక్కోసారి అక్షరాలు దేనికది విడిపోయి తిరగబడి వస్తున్నాయి. నెట్‌లో దొరికిన అరబిక్ ఫాంట్లు ఏడెనిమిది వేశాను, ఏమీ మారలేదు. ఒకాయన అరబిక్ సాఫ్ట్‌వేర్ వేస్తాను, నాలుగు వేలు ఇమ్మంటున్నాడు. ఇవ్వమంటారా?

జవాబు: ఇవ్వొద్దు తమ్ముడూ. మీకు కావలసింది మీ దగ్గర ఉన్న ఎక్స్‌పీ సీడీలోనే ఉంది, ఎక్కించుకోవడమే మిగిలింది. 2001లో వచ్చిన రోజు నుంచీ ఎక్స్‌పీలో అరబిక్ ఉంది, కాకపోతే మనం వేసుకునే ఇంగ్లిష్ ఎక్స్‌పీలో ఆ ఫైళ్ళు వాటంతటవి ఎక్కవు. ఆయన చెబుతున్నది బహుశా ఆఫీస్‌కి వేసే అరబిక్ లాంగ్వేజ్ ప్యాక్ అయి ఉంటుంది. అది వేస్తే ఫైల్, ఎడిట్, వ్యూ లాంటి మెనూలు అరబిక్‌లోకి మారిపోతాయి. రేపు ప్రింట్ ఎక్కడుందో మీకే కనబడదు. మెనూలు కనిపించే భాష వేరు, మనం టైపు చేసే భాష వేరు, మీకు కావలసింది రెండోది, దానికి పైసా ఖర్చు లేదు.

ముందు జబ్బు ఏమిటో తెలుసుకుందాం, ఎందుకంటే మీరు చెప్పిన మూడు లక్షణాలకీ మూడు కారణాలున్నాయి. డబ్బాలు వచ్చాయంటే ఆ ఫాంటులో ఆ అక్షరాలు లేవని. ప్రశ్న గుర్తులు వచ్చాయంటే దారిలో ఎవరో నోట్‌ప్యాడ్‌లో పెట్టి మామూలుగా సేవ్ చేశారని. ఎక్స్‌పీ నోట్‌ప్యాడ్ తనకు తానుగా యాన్సీ అనే పద్ధతిలో సేవ్ చేస్తుంది, అందులో అరబిక్ అయినా తెలుగు అయినా ప్రతి అక్షరం ప్రశ్న గుర్తుగా మారిపోతుంది, ఇక ఆ ఫైలు నుంచి అసలు అక్షరాలు వెనక్కి రావు. సేవ్ యాజ్ కొట్టినప్పుడు కింద ఎన్‌కోడింగ్ అన్న చోట యూనికోడ్, అంటే అన్ని భాషల అక్షరాలకీ చోటున్న పద్ధతి, ఎంచుకోవాలి. ఇక అక్షరాలు విడివిడిగా వస్తున్నాయంటే ఫాంటు ఉంది, అక్షరాలూ ఉన్నాయి, వాటిని కలిపే పనిముట్టే విండోస్‌లో లేదు. అలాంటప్పుడు ఏడెనిమిది కాదు, వంద ఫాంట్లు వేసినా అంతే.

ఈ కలపడం ఏమిటో మనకు కొత్తగా చెప్పనక్కర్లేదు. 'స్త్రీ' అని రాయాలంటే కంప్యూటర్ లోపల స, పొల్లు, త, పొల్లు, ర, గుడి దీర్ఘం అని వరుసగా ఉంటాయి, ఎవరో ఒకరు వాటిని కలిపి ఒకే ముద్దగా చూపించాలి. ఎక్స్‌పీ కొత్తల్లో తెలుగు వెబ్‌సైట్లు తెరిస్తే ఒత్తులన్నీ పక్కన పడిపోయి, పొల్లులు వేలాడుతూ కనిపించేవి, గుర్తుందా? అరబిక్‌ది సరిగ్గా అదే కష్టం. అందులో 28 అక్షరాలు. ఒక్కో అక్షరానికి మాట మొదట్లో ఒక రూపం, మధ్యలో ఒకటి, చివర ఒకటి, ఒంటరిగా ఉంటే ఇంకొకటి. ఆరు అక్షరాలు మాత్రం, అలిఫ్, దాల్, జాల్, రే, జే, వావ్, తమ తరువాతి అక్షరంతో చెయ్యి కలపవు. ఎక్కడ కలపాలో ఎక్కడ విడగొట్టాలో ఈ లెక్కంతా చూసేది విండోస్.

ఇప్పుడు పని మొదలుపెట్టండి. స్టార్ట్‌లో కంట్రోల్ ప్యానెల్ తెరిచి రీజినల్ అండ్ లాంగ్వేజ్ ఆప్షన్స్‌లోకి వెళ్ళండి. లాంగ్వేజెస్ అనే ట్యాబ్‌లో రెండు టిక్కు పెట్టెలు ఉంటాయి, పైది 'ఇన్‌స్టాల్ ఫైల్స్ ఫర్ కాంప్లెక్స్ స్క్రిప్ట్ అండ్ రైట్ టు లెఫ్ట్ లాంగ్వేజెస్' అని మొదలవుతుంది. దానికి టిక్కు పెట్టగానే ఒక చిన్న మెసేజ్ వస్తుంది, అరబిక్, హీబ్రూ, థాయ్‌లతో పాటు ఇండిక్ అనే మాట కూడా అందులో ఉంటుంది, చూడండి. అంటే తెలుగు ఒత్తులు సరిచేసేదీ అరబిక్ అక్షరాలు కలిపేదీ ఒకే టిక్కు. పది ఎంబీకి కాస్త అటూ ఇటూగా చోటు అడుగుతుంది. ఓకే కొడితే ఎక్స్‌పీ సీడీ పెట్టమంటుంది. సీడీ ఉంటే ఐ386 అనే ఫోల్డర్ చూపించండి. కొన్నిసార్లు సర్వీస్ ప్యాక్ సీడీ కావాలని మొండికేస్తుంది, అప్పుడు సి డ్రైవ్‌లో విండోస్ ఫోల్డర్ తెరిచి సర్వీస్ ప్యాక్ ఫైల్స్ అని ఉందేమో చూడండి, ఉంటే దాని లోపలి ఐ386 చూపిస్తే సరిపోతుంది. అయ్యాక రీస్టార్ట్ చెయ్యండి. చెయ్యకుండా వర్డ్ తెరిచి 'రాలేదు సార్' అనుకునేవాళ్ళు చాలామంది ఉన్నారు.

రీస్టార్ట్ అయ్యాక మళ్ళీ అదే చోటికి వెళ్ళి డీటెయిల్స్ బటన్ నొక్కి, యాడ్ కొట్టి, అరబిక్ సౌదీ అరేబియా ఎంచుకుని, కీబోర్డు అరబిక్ 101 పెట్టండి. కింద గడియారం పక్కన ఈఎన్ అనే చిన్న పెట్టె కనిపిస్తుంది. ఎడమ ఆల్ట్, షిఫ్ట్ కలిపి నొక్కితే అది ఏఆర్ అవుతుంది, మళ్ళీ నొక్కితే ఈఎన్.

ఆఫీస్ 2003కి కూడా విడిగా చెప్పాలి. వర్డ్, ఎక్సెల్ అన్నీ మూసేసి, స్టార్ట్ మెనూలో ఆల్ ప్రోగ్రామ్స్, మైక్రోసాఫ్ట్ ఆఫీస్, మైక్రోసాఫ్ట్ ఆఫీస్ టూల్స్ వరుసలో వెళితే ఆఫీస్ 2003 లాంగ్వేజ్ సెట్టింగ్స్ ఉంటుంది. ఎనేబుల్డ్ లాంగ్వేజెస్‌లో ఎడమ జాబితాలోని అరబిక్‌ని యాడ్ చేసి ఓకే కొట్టండి. తరువాత వర్డ్ తెరిస్తే పైన టూల్‌బార్‌లో పేరా గుర్తు పక్కన బాణం ఉన్న రెండు కొత్త బటన్లు కనిపిస్తాయి. అవి వచ్చాయంటే పనైనట్టే.

పరీక్ష ఎలా చేయాలో చెబుతాను. కీబోర్డుని ఏఆర్‌కి మార్చి, కుడి కంట్రోల్, కుడి షిఫ్ట్ కలిపి నొక్కండి, కర్సర్ కుడి అంచుకి దూకుతుంది. ఇప్పుడు ఇంగ్లిష్ కీబోర్డు మీద ఎస్, జి, హెచ్, ఎల్ వరుసగా కొట్టండి. సీన్, లామ్, అలిఫ్, మీమ్ పడి 'సలామ్' అవుతుంది. జాగ్రత్తగా చూడండి: సీన్ మూడు పళ్ళ దువ్వెనలా మొదలై లామ్‌లోకి సాగాలి, లామ్, అలిఫ్ ఒకదాన్నొకటి పెనవేసుకుని ఒకే గుర్తుగా మారాలి, అలిఫ్ తరువాతి దానితో కలవదు కాబట్టి చివరి మీమ్ ఎడమవైపు ఒంటరిగా నిలబడాలి. ఈ మూడూ కనిపిస్తే మీ సిస్టమ్‌కి అరబిక్ వచ్చేసినట్టే. ఏ కీకి ఏ అక్షరమో తెలియాలంటే రన్‌లో ఓఎస్‌కే అని కొట్టండి, తెర మీద కీబోర్డు వస్తుంది, ఏఆర్‌లో ఉన్నప్పుడు దాని మీద అరబిక్ అక్షరాలే ఉంటాయి.

ఇంకో సంగతి. కుడికి జరపాలి కదా అని అందరూ అలైన్ రైట్ నొక్కుతారు. దానివల్ల పంక్తి కుడికి జరుగుతుంది గానీ పేరా ఇంకా ఎడమ నుంచి కుడికే నడుస్తున్నట్టు లెక్క. వాక్యం చివరి చుక్క కుడి చివరకి, అంటే వాక్యం మొదలయ్యే చోటికి వచ్చి కూర్చుంటుంది. మధ్యలో ఇంగ్లిష్ మాటో అంకెలో ఉంటే వాటి చోట్లు తారుమారవుతాయి. చూడ్డానికి బాగానే ఉంటుంది, చదివేవాళ్ళకే తెలుస్తుంది. అందుకని అలైన్ రైట్ కాదు, ఆ బాణం బటన్ గానీ కుడి కంట్రోల్ షిఫ్ట్ గానీ వాడండి.

సైజు సంగతీ ఉంది. ఫార్మాట్‌లో ఫాంట్ తెరిస్తే ఇప్పుడు లాటిన్ టెక్స్ట్ అని ఒక భాగం, కాంప్లెక్స్ స్క్రిప్ట్స్ అని ఇంకో భాగం కనిపిస్తాయి. అరబిక్ ఫాంటు, సైజు, బోల్డు రెండో భాగంలో పెట్టాలి. పై భాగంలో 36 పెట్టి కింద 12 వదిలేస్తే ఇంగ్లిష్ పెరుగుతుంది, అరబిక్ అలాగే ఉంటుంది. ఫాంటుకి ట్రెడిషనల్ అరబిక్ వాడండి, ఎక్స్‌పీలోనే ఉంటుంది, కార్డులకి ముచ్చటగా ఉంటుంది.

పేజ్‌మేకర్‌లోకి మాత్రం దీన్ని కాపీ పేస్ట్ చేయకండి. 2001లో వచ్చిన 7వ వెర్షనే దాని ఆఖరిది, అందులో యూనికోడ్ లేదు, మళ్ళీ ప్రశ్న గుర్తులే వస్తాయి. నేనైతే ఇలా చేస్తాను: వర్డ్‌లో పెద్ద సైజులో టైపు చేసి, ఉచితంగా దొరికే ఏదైనా పీడీఎఫ్ ప్రింటర్ సాఫ్ట్‌వేర్‌తో పీడీఎఫ్ చేసి, దాన్ని ఫోటోషాప్‌లో 600 డీపీఐలో తెరిచి, నలుపు తెలుపు బిట్‌మ్యాప్‌గా టిఫ్‌లో సేవ్ చేసి పేజ్‌మేకర్‌లో ప్లేస్ చేస్తాను. అక్షరం అంచు కత్తిరించినట్టు వస్తుంది.

ఇక అన్నిటికన్నా ముఖ్యమైనది. చాలా ఏళ్ళ క్రితం గవర్నర్‌పేటలో ఒక ప్రెస్సు దగ్గర కూర్చున్నప్పుడు ఒక పెద్దాయన మనవరాలి పెళ్ళి కార్డుల కట్ట తీసుకోవడానికి వచ్చారు. పై కార్డు తీసి బిస్మిల్లా మీద వేలు పెట్టి కుడి నుంచి ఎడమకి జరుపుతూ వచ్చి, మధ్యలో వేలు ఆపేశారు. అక్షరాలన్నీ విడివిడిగా, ఎడమ నుంచి కుడికి పరిచి ఉన్నాయి. ఆయన ఏమీ అనలేదు. కార్డుని మళ్ళీ కట్టలో పెట్టి, కట్టని అలాగే బల్ల మీద వదిలేసి బయటికి వెళ్ళి నిలబడ్డారు. కొట్టు మనిషి వెనకాలే వెళ్ళి బతిమాలాడు, మళ్ళీ వేసిచ్చారు, అయినా ఆ రోజు ఆయన ముఖం నాకింకా గుర్తుంది. బే కింద ఒక చుక్క, తే పైన రెండు చుక్కలు, సే పైన మూడు చుక్కలు, అక్షరం గీత మాత్రం మూడిటికీ ఒకటే. స్క్రీన్ ప్రింటింగ్‌లో చిన్న సైజు పెడితే చుక్క పూడిపోయో ఎగిరిపోయో అక్షరమే మారిపోతుంది. అందుకని అరబిక్ ఉన్న ఏ కార్డైనా ప్రింటుకి వెళ్ళేముందు చదవడం వచ్చినవాళ్ళకి కాగితం మీద చూపించి సంతకం తీసుకోండి. మీకు పంజా సెంటర్‌లో అడుగడుగునా చదివేవాళ్ళే, ఆ సదుపాయం అందరికీ ఉండదు.

ఒక హెచ్చరిక కూడా. ఎక్స్‌పీకీ ఆఫీస్ 2003కీ 2014 ఏప్రిల్ 8తోనే మైక్రోసాఫ్ట్ సపోర్టు ఆగిపోయింది. ఆ సిస్టమ్‌ని పేజ్‌మేకర్ పని కోసం ఉంచుకోండి గానీ నెట్ కనెక్షన్ పీకేయండి. ఫైళ్ళు వేరే సిస్టమ్‌లో దించి, స్కాన్ చేసి, పెన్‌డ్రైవ్‌లో తెచ్చుకోండి.

ప్రశ్న: నమస్తే సార్. గుంటూరు మిర్చి యార్డు దగ్గర కారం పొడి ఎగుమతి చేసే ఆఫీసులో అకౌంట్స్ చూస్తాను. విండోస్ 7, ఆఫీస్ 2007. దుబాయ్ పార్టీ పంపిన ఎక్సెల్ షీట్ తెరిస్తే A కాలమ్ కుడివైపు నుంచి మొదలవుతోంది, నా ఫార్ములాలు పాడవుతాయేమోనని టెన్షన్. ప్యాకెట్ లేబుల్ మీద అరబిక్ కూడా మమ్మల్నే వేసి పంపమంటున్నారు. వాళ్ళిచ్చిన మాటలు వర్డ్‌లో పెట్టాను, ఫోన్ నంబరు, తేదీ తిరగబడుతున్నాయి. బరువు అంకెలు కూడా అర్థం కావడం లేదు.

జవాబు: ఎక్సెల్ గురించి నిశ్చింతగా ఉండండి అమ్మా. ఆ షీట్ కుడి నుంచి ఎడమకి పెట్టి ఉంది, అంతే. A కాలమ్ ఎక్కడ కూర్చున్నా దాని పేరు A నే, ఫార్ములాలు అలాగే ఉంటాయి. మీకు ఎడమ నుంచి కావాలంటే పేజ్ లేఅవుట్‌లో షీట్ రైట్ టు లెఫ్ట్ అనే బటన్ ఆపేయండి, పని అయ్యాక మళ్ళీ నొక్కి వాళ్ళకి పంపండి. ఆ బటన్ కనబడకపోతే ఆఫీస్‌కి అరబిక్ చెప్పలేదన్నమాట: స్టార్ట్ మెనూలో మైక్రోసాఫ్ట్ ఆఫీస్ టూల్స్ లోపల ఆఫీస్ 2007 లాంగ్వేజ్ సెట్టింగ్స్ తెరిచి ఎడిటింగ్ లాంగ్వేజెస్‌లో అరబిక్ కలపండి. పై జవాబులో చెప్పిన టిక్కు, సీడీ గొడవ మీకు లేదు, విండోస్ 7లో అక్షరాలు కలిపే పని ముందే ఎక్కి ఉంటుంది. టైపు చేయాలనుకుంటే రీజియన్ అండ్ లాంగ్వేజ్‌లో కీబోర్డు ఒక్కటి కలుపుకోండి.

లేబుల్ మాత్రం తేలిగ్గా తీసుకోకండి. గల్ఫ్ దేశాల్లో ప్యాక్ చేసి అమ్మే ఆహారం మీద వివరాలు అరబిక్‌లో ఉండాలన్నది అక్కడి నిబంధన, తప్పు పడితే సరుకు రేవులో ఆగిపోవచ్చు. మాటలు పార్టీ వాళ్ళిచ్చినవే ఉంచండి, మీరు నెట్‌లో అనువాదం చేసి కలపకండి.

తిరగబడటానికి కారణం ఇది: అరబిక్ కుడి నుంచి ఎడమకి నడుస్తుంది, కానీ అందులో కూడా అంకెలు మనలాగే ఎడమ నుంచి కుడికే చదువుతారు. ఒకే పంక్తిలో రెండు దారులు ఎదురుపడతాయి. నంబరు మొత్తం కలిపి రాస్తే వర్డ్ దాన్ని ఒకే ముక్కగా పట్టుకుంటుంది, మీరు +971 రాసి, ఖాళీ ఇచ్చి, రెండంకెలు రాసి, మళ్ళీ ఖాళీ ఇచ్చి మిగతావి రాస్తే ఒక్కో ముక్కనీ విడి మాట అనుకుని ఆ ముక్కల్ని కుడి నుంచి పేరుస్తుంది, ప్లస్ గుర్తు కుడివైపుకి ఎగిరిపోతుంది. అడ్డగీతలతో రాసిన తేదీకీ ఇదే గతి పట్టొచ్చు, రోజు చోట సంవత్సరం వచ్చేస్తుంది. నా సలహా, లేబుల్‌ని రెండు గడుల టేబుల్‌గా చేసుకోండి. కుడి గడిలో అరబిక్ మాట, ఎడమ గడిలో నంబరు. నంబరున్న గడిలో కర్సర్ పెట్టి ఎడమ కంట్రోల్, ఎడమ షిఫ్ట్ నొక్కితే ఆ గడి వరకు ఎడమ నుంచి కుడికి నడుస్తుంది, ఇక ఏదీ జరగదు.

అంకెల దగ్గర ఒళ్ళు దగ్గర పెట్టుకోవాలి. అరబిక్ లిపిలో వాడే అంకెల్లో గుండ్రటి సున్నాలా కనిపించేది 5. వాళ్ళ సున్నా ఒక చిన్న చుక్క. అంటే 500 గ్రాములు ఒక గుండ్రం, రెండు చుక్కలుగా కనిపిస్తుంది. మన 7 లాగా కనిపించేది వాళ్ళ 6. ఇంగ్లిష్ V అక్షరంలా ఉండేది 7, దాన్ని తలకిందులు చేస్తే 8. వర్డ్ ఆప్షన్స్‌లో అడ్వాన్స్‌డ్ కింద న్యూమరల్ అని ఒక సెట్టింగ్ ఉంటుంది, అందులో అరబిక్ అని ఎంచుకుంటే మామూలు 1, 2, 3 వస్తాయి, హిందీ అని ఎంచుకుంటే ఈ గుండ్రాలూ చుక్కలూ వస్తాయి. పేర్లు తారుమారైనట్టు ఉంటుంది గానీ దానికో కథ ఉంది. అంకెలు మన దేశం నుంచి అరబ్బులకి వెళ్ళాయి, వాళ్ళు వాటిని హింద్ అంకెలు అన్నారు, వాళ్ళ నుంచి తీసుకున్న యూరప్ వాళ్ళు అరబిక్ అంకెలు అన్నారు, ఆ రెండు పేర్లే ఇంకా నడుస్తున్నాయి. పార్టీకి ఏవి కావాలో ముందే అడిగి, లేబుల్ మొత్తం ఒకే రకం వాడండి.

ఆఫీస్ 2007కి సర్వీస్ ప్యాక్ 2 వేసి ఉంటే వర్డ్ నుంచే నేరుగా పీడీఎఫ్ చేయొచ్చు. ప్రింటర్‌కి వర్డ్ ఫైలు కాకుండా ఆ పీడీఎఫ్ పంపండి. వాళ్ళ సిస్టమ్‌లో అరబిక్ లేకపోయినా అక్షరాలు చెదరవు. ఒక కాపీ దుబాయ్ వాళ్ళకి పంపి 'సరే' అని మెయిల్‌లో రాతపూర్వకంగా వచ్చాకే ప్రింటింగ్‌కి ఇవ్వండి.

ప్రశ్న: గుంటూరు ఆనందపేటలో ఉర్దూ మీడియం పిల్లలకి పాఠాలు చెబుతాను. విండోస్ 7, ఆఫీస్ 2010లో అరబిక్ కీబోర్డు వేసుకుని ప్రశ్నపత్రం టైపు చేస్తున్నాను, కొన్ని అక్షరాలు దొరకడం లేదు, దొరికినవి కూడా పుస్తకంలో ఉన్నట్టు రావడం లేదు. ఏం చేయాలి సార్?

జవాబు: మాస్టారూ, మీరు ఎంచుకోవలసింది అరబిక్ కాదు, ఉర్దూ. లిపి ఒక కుటుంబమే అయినా అరబిక్ కీబోర్డులో పే, చే, గాఫ్ లేవు, మన ట, డ లకి ఉన్న అక్షరాలు లేవు, నూన్ గున్నా, బడీ యే లేవు. అంతకన్నా చిక్కేమిటంటే ఉన్న అక్షరాల్లో కూడా కాఫ్, యే లోపల్లోపల వేరు. అరబిక్ కీబోర్డుతో కొట్టిన యే మాట చివర వస్తే కింద రెండు చుక్కలు పడతాయి, ఉర్దూలో అక్కడ చుక్కలు ఉండకూడదు. కంటికి ఒకటిగా కనిపించినచోట కూడా కంప్యూటర్‌కి అవి వేర్వేరు అక్షరాలు, రేపు అదే ఫైల్లో ఒక మాట వెతికితే దొరకదు.

కంట్రోల్ ప్యానెల్‌లో రీజియన్ అండ్ లాంగ్వేజ్ తెరిచి, కీబోర్డ్స్ అండ్ లాంగ్వేజెస్‌లో ఉర్దూ కలపండి. వర్డ్‌లో ఫైల్, ఆప్షన్స్, లాంగ్వేజ్ లోకి వెళ్ళి ఎడిటింగ్ లాంగ్వేజెస్‌లో కూడా ఉర్దూ చేర్చండి.

పుస్తకంలో ఉన్నట్టు రావడం లేదన్నది రాత తీరు వల్ల. అరబిక్ ఫాంట్లు ఎక్కువగా నస్ఖ్ పద్ధతి, పంక్తి సమంగా నడుస్తుంది. మన పిల్లలు చదివే ఉర్దూ పుస్తకాలు నస్తాలిక్, ప్రతి మాటా కుడి పైనుంచి ఎడమ కిందకి వాలుతూ దిగుతుంది. జమీల్ నూరీ నస్తాలిక్ లాంటి ఫాంటు ఉచితంగా దొరుకుతుంది, వేసుకుని ఫాంట్ పెట్టెలో కాంప్లెక్స్ స్క్రిప్ట్స్ భాగంలో ఎంచుకోండి. మాటలు కిందకి దిగుతాయి కాబట్టి పంక్తుల మధ్య ఎడం కాస్త పెంచండి, లేకపోతే పై పంక్తి తోకలు కింది పంక్తిని తాకుతాయి. చిన్న పిల్లలు చదివే కాగితం, సైజు కూడా తగ్గించకండి.

పాత ప్రశ్నపత్రాలు ఉర్దూ టైపుకి వాడే ఇన్‌పేజ్‌లో ఉన్నాయని ఉత్తరం చివర రాశారు. పాత ఇన్‌పేజ్ ఫైళ్ళు యూనికోడ్ కాదు, మన అను ఫాంట్ల లాంటివే, నేరుగా వర్డ్‌లో పెడితే పిచ్చి అక్షరాలు వస్తాయి. మార్చే కన్వర్టర్లున్నాయి, మార్చాక ఒక్కసారి మొదటి నుంచి చివరిదాకా చదువుకోండి. 2022లో మన అసెంబ్లీ ఉర్దూని రాష్ట్రానికి రెండో అధికార భాష చేస్తూ చట్టం చేసింది, మీ పిల్లలకి ఈ టైపింగ్ ఉద్యోగానికి పనికొచ్చే రోజులివి. అరబిక్ కీబోర్డు అలవాటు కాకముందే ఉర్దూ కీబోర్డు మీద వాళ్ళ వేళ్ళు పెట్టించండి.

ప్రశ్న: విజయవాడ నుంచి రాస్తున్నాను అన్నా. మా నాన్నగారికి గల్ఫ్ వీసా ఉత్తరం కోసం విండోస్ 7లో అరబిక్ వేశాను. మర్నాటి నుంచి పాస్‌వర్డ్ తప్పు అంటోంది. ఫార్మాట్ చేయాలంటున్నారు. నాన్నగారి కాగితాలన్నీ అందులోనే ఉన్నాయి.

జవాబు: ఫార్మాట్ చేయించకు తమ్ముడూ, ఎవరు చెప్పినా సరే. పాస్‌వర్డ్ సరైనదే, కీబోర్డు అరబిక్‌లో ఉండిపోయింది. నువ్వు ఇంగ్లిష్ అనుకుని కొడుతున్నావు, చుక్కలే కనిపిస్తాయి కాబట్టి లోపల అరబిక్ పడుతోందని తెలియడం లేదు. లాగిన్ తెర మీద ఎడమవైపు పై మూలన చిన్న పెట్టె చూడు, ఏఆర్ అని ఉంటుంది. దాన్ని నొక్కి ఈఎన్ ఎంచుకో, లేదా ఎడమ ఆల్ట్, షిఫ్ట్ ఒకసారి నొక్కి పాస్‌వర్డ్ కొట్టు.

లోపలికి వెళ్ళాక కీబోర్డులు కలిపిన చోటే డీఫాల్ట్ ఇన్‌పుట్ లాంగ్వేజ్ ఇంగ్లిష్ పెట్టు. అక్కడే అడ్వాన్స్‌డ్ కీ సెట్టింగ్స్ అనే ట్యాబ్‌లో ఆల్ట్ షిఫ్ట్‌ని నాట్ అసైన్డ్ చేస్తే వేలు తగిలి భాష మారిపోయే బాధ ఉండదు, కావలసినప్పుడు గడియారం పక్కన పెట్టె నొక్కి మార్చుకోవచ్చు. తెరుచుకోగానే ముందు నాన్నగారి కాగితాలు ఒక పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసి ఆయన చేతికివ్వు, ఉత్తరం తరువాత చూసుకోవచ్చు.